బోర్డు మీద రాసిన నాన్నగారు

వ్యాసరచన చెప్పే పంతులమ్మగా నా బతుకు ఒక ఎద్దుల జతతో మొదలైంది. నవ్వకండి, నిజమే చెప్తున్నాను.

యాభైల మధ్యలో, పెళ్ళయిన కొత్తలో, కాకినాడ పక్కనున్న మా ఊరొదిలి జంషెడ్‌పూర్ వచ్చాను. మా ఆయనకి టెల్కో కాలనీలో క్వార్టరు. నాకు గోల్‌మురిలో ఒక బడి, తెలుగు సెక్షన్‌లో ఉద్యోగం. పిల్లలంతా కార్ఖానా వాళ్ళ పిల్లలు. శ్రీకాకుళం, విజయనగరం వైపు నుంచి వచ్చి ఇక్కడ ఉక్కు కార్ఖానాలోనో రేకుల కార్ఖానాలోనో పడ్డవాళ్ళ బిడ్డలు, మాలాంటి క్రైస్తవ కుటుంబాల వాళ్ళు కొందరు. పుట్టడం ఇక్కడే, పెరగడం ఇక్కడే. నేను తెలుగులో అడిగితే హిందీలో జవాబు చెప్పేవాళ్ళు.

చేరిన మొదటి వారం వ్యాసాల పుస్తకాలు దిద్దడానికి ఇచ్చారు. విషయం ‘మా నాన్నగారు’. మొదటి పుస్తకం తెరిచాను. ‘మా తండ్రిగారు కృషీవలురు. వారు వేకువనే మేల్కాంచి, రాముడు, భీముడు అను కోడెల జతను తోలుకొని పొలమునకు ఏగుదురు.’ బాగానే ఉంది, ఈ పిల్లవాడి తండ్రి సొంతూళ్ళో వ్యవసాయం చేస్తున్నాడు కాబోలు అనుకున్నాను. రెండో పుస్తకం తెరిస్తే అక్కడా రాముడు, భీముడే. మూడోదీ అంతే. గబగబా అన్నీ తిరగేశాను. ప్రభువా! క్లాసంతటికీ ఒకడే తండ్రి, ఒకటే ఎద్దుల జత!

అందులో మా చర్చిలో సండే స్కూలు చెప్పే ఆయన కూతురి పుస్తకం కూడా ఉంది. ఆయన ఫిట్టరు. కార్ఖానా భోంపు, అదే సైరను, మోగితే సైకిలెక్కి పోయే మనిషి. ఆయనకి కోడెలెక్కడివి? నాకు మతిపోయింది.

ఆ పుస్తకాలన్నీ చంకన పెట్టుకుని హెడ్మాస్టరుగారి గదిలోకి వెళ్ళాను. ఆయన పేరు నరసింహంగారు. పై పుస్తకం ఒకటి తీసి, కళ్ళజోడు సర్దుకుని, రెండు పేజీలు చదివి, మెచ్చుకోలుగా తలూపారు.

“బాగా దించారమ్మా. తప్పుల్లేవు. ఇంక దిద్దడానికి ఏముంది, సంతకం పెట్టెయ్యండి” అన్నారు.

అప్పటి పద్ధతి

ఇప్పుడు కొత్తగా బడుల్లో చేరే మీకు ఇది వింతగా ఉండొచ్చు కాబట్టి కొంచెం విడమరిచి చెప్తాను.

అప్పట్లో రాయడం నేర్పడమంటే రాసింది దించడం. చిన్న తరగతుల్లో చూచిరాత. గీతల మధ్య అక్షరం కుదురుగా కూర్చుంటే చాలు. తరవాత డిక్టేషన్. ఆ తరవాత వ్యాసం. పంతులుగారు బోర్డు మీద రాస్తారు, పిల్లలు చూసి రాస్తారు, ఇంటికెళ్ళి బట్టీ పడతారు, మర్నాడు నించుని అప్పచెప్తారు, పరీక్షలో కక్కుతారు. ఆవు, రైలు ప్రయాణం, మా ఊరు, మా నాన్నగారు. ఇలా ఓ గుప్పెడు వ్యాసాలు ఉండేవి. పరీక్షలో వాటిల్లో ఒకటి రాకుండా పోదు. అవి కూడా పుస్తకాల భాషలో ఉండాలి. ఇంట్లో ‘ఏటి సేత్తన్నావు’ అనుకునే పిల్లలు బడికొచ్చి ‘ఏగుదురు’, ‘మేల్కాంచి’ అని రాయాలి. ఆ మాటలకి అర్థం అడిగితే మొహమొహాలు చూసుకునేవాళ్ళు.

కాలేజీలో నయమనుకుంటారేమో, ఏం నయం లేదు. ప్రైవేటుగా బి.ఏ. కడదామని ఒక లెక్చరరుగారి దగ్గరికి నోట్సు కోసం వెళ్ళాను. ఆయన కుర్చీలో వెనక్కి వాలి చెప్పుకుపోతే, మీసాలొచ్చిన కుర్రాళ్ళంతా తలొంచుకుని రాసుకుంటున్నారు. మధ్యలో ఆయన దగ్గితే వాళ్ళ కలాలు ఆగాయి. ఒట్టు, ఆ దగ్గు కూడా రాసుకుంటారేమోనని చూశాను!

నరసింహంగారిని మీరు చెడ్డవాడనుకోకండి. నేను చూసిన హెడ్మాస్టర్లలో అంత కష్టపడే మనిషి లేడు. సెలవు రోజుల్లో కూడా పిల్లల్ని పిలిచి అప్పచెప్పించుకునేవారు. ఆయన భయం ఆయనది. పెద్ద పరీక్షలో, అంటే మెట్రిక్‌లో, పిల్లలు తప్పితే తెలుగు సెక్షన్ ఎత్తేస్తారు. ఎత్తేస్తే ఈ పిల్లలు హిందీలో చదవాలి, లేకపోతే మానెయ్యాలి. “సొంతంగా రాయమంటే ఒక్కడు గట్టెక్కడు సుగుణమ్మగారూ. బట్టీ పట్టిస్తే అందరూ గట్టెక్కుతారు” అనేవారు. ఆ మాట వింటే నాకు ఒళ్ళు మండేది.

నైట్ డ్యూటీ వారం

కొన్నేళ్ళు పోయాక పై తరగతి తెలుగు నా చేతికొచ్చింది. పిల్లల్ని పెద్ద పరీక్షకి పంపేముందు బడిలో ఒక టెస్టు పెడతారు. అది దాటితేనే పంపుతారు, లేకపోతే ఆ ఏడు ఇంట్లోనే. ఆ ఏడాది నేనొక పని చేశాను. క్లాసులో బోర్డు ఖాళీగా ఉంచి, “మీ ఇంట్లో మీ అయ్య ఎలా ఉంటాడో అదే రాయండర్రా. ఎద్దులు తెచ్చారంటే వీపు చీరేస్తాను” అన్నాను. కొంతమంది ఏడుపు మొహాలు పెట్టారు. ఒకడు లేచి “క్యా లిఖేఁ, టీచర్జీ?” అని, ఏం రాయాలో హిందీలో అడిగాడు.

ఒక్క పిల్ల రాసింది. దాని పేరు నూకరత్నం. వాళ్ళ అయ్య అప్పలస్వామి రేకుల కార్ఖానాలో హాట్ మిల్ పని, కాలిన ఇనుముని రేకులుగా సాగదీసే చోట. సన్నగా, నల్లగా, ఎప్పుడూ బెంచీ చివర కూర్చునే పిల్ల. ఇంట్లో తన తరవాత చెల్లి. టెస్టు దాటి, పెద్ద పరీక్ష ప్యాసై, టీచరు ట్రైనింగుకి పోవాలని దానికి ఆశ. అది తప్పితే ఇంట్లో కూర్చోబెట్టేస్తారని దానికీ తెలుసు, నాకూ తెలుసు.

నేను చూసి మెచ్చుకున్న ఆ వ్యాసాన్నే నూకరత్నం ఇంకొంచెం పెంచి టెస్టు పరీక్షలో రాసింది. నాకిప్పటికీ గుర్తుంది.

‘మా అయ్యకి నైట్ డ్యూటీ వారం వస్తే పగలు మా ఇంట్లో ఎవరూ మాట్లాడరు. అమ్మ చేతులతో చెప్తుంది. ఉప్పు కావాలంటే వేళ్ళు రాపాడిస్తుంది. వీధిలో కూరగాయలవాడు అరిస్తే అమ్మ గుమ్మంలోకి పరుగెత్తి వాడికి దణ్ణం పెడుతుంది. మా చెల్లి పెదాలు కదిపి ఎక్కాలు చదువుతుంది. అయ్య లేచి, ఏరీ పిల్లలు అని పిలిస్తే, అప్పుడు మేమంతా ఒక్కసారి అరుస్తాం.’

ఏళ్ళతరబడి ఎద్దుల్ని దిద్దీ దిద్దీ ఉన్నదాన్ని, ఒక పిల్ల వాళ్ళ ఇంటి తలుపు తీసి నన్ను లోపలికి రమ్మన్నట్టయింది. సంతోషంతో కళ్ళనీళ్ళు తిరిగాయి.

మర్నాడు నరసింహంగారు పిలిచారు. ఆయన మొహం పాలిపోయి ఉంది. బల్ల మీద నూకరత్నం పేపరు.

“ఇది ఎక్కడినుంచి కాపీ కొట్టిందమ్మా?”

నాకు అర్థం కాలేదు. “కాపీ ఏమిటండీ?”

“నా దగ్గరున్న గైడ్లన్నీ వెతికాను. వ్యాసాల పుస్తకాలన్నీ వెతికాను. ఎక్కడా లేదు. అంటే ఏదో పత్రికలోది అయ్యుండాలి. దొంగపని చేసిన పిల్లని పెద్ద పరీక్షకి ఎలా పంపను? రేపు అక్కడ పట్టుబడితే బడి పరువేం కాను?”

మీరు నమ్మండి, నమ్మకపోండి, ఆయన నిజంగానే బాధపడుతున్నారు. బోర్డు చూసి దించినవాళ్ళంతా మంచి పిల్లలు. సొంతంగా రాసిన పిల్ల దొంగ! అప్పుడు నా నోటి నుంచి వచ్చిన మాటలు ఇక్కడ రాయదగ్గవి కావు. మా గొంతులు విని పక్క గదిలో పాఠం ఆగిపోయింది.

చివరికి ఆయనే ఒక దారి చెప్పారు. “ఇది వాళ్ళింట్లో సంగతే అని పిల్ల తండ్రిని వచ్చి చెప్పమనండి. చెప్తే వదిలేస్తాను.”

హమ్మయ్య అనుకున్నాను. ఇంతకన్నా తేలికేముంది? ఉన్నది ఉన్నట్టు చెప్పడానికి తండ్రికి ఏం అడ్డం?

అప్పలస్వామి రావడం

అప్పలస్వామి పొద్దుటి ఎ షిఫ్టు దిగి, మొహం కడుక్కుని, ఇస్త్రీ చొక్కా వేసుకుని వచ్చాడు. ఆ చేతుల మీద మోచేతి దాకా చిన్న చిన్న కాలిన మచ్చలు. కుర్చీ చూపిస్తే కూర్చోలేదు. తలుపు పక్కన నూకరత్నం నించుంది. హెడ్మాస్టరుగారు పేపరు తీసి, పైకి, నెమ్మదిగా చదివారు.

చదువుతున్నంతసేపూ నేను అప్పలస్వామి మొహమే చూస్తున్నాను. పొంగిపోతాడనుకున్నాను. ఉప్పు దగ్గరకొచ్చేసరికి ఆయన మొహం మాడిపోయింది. కూరగాయలవాడికి దణ్ణం దగ్గర తల పూర్తిగా వంచేశాడు.

“ఇది మీ ఇంట్లో సంగతేనా అప్పలస్వామీ?” అడిగారు హెడ్మాస్టరుగారు.

“కాదండి” అన్నాడు.

నేను కల్పించుకున్నాను. “అదేమిటయ్యా! నైట్ డ్యూటీ వారం నువ్వు పగలు పడుకోవా?”

“పడుకుంతానండి. పడుకుంతే మాత్రం? మా పిల్లలేటి, మూగోల్లా? నా ఆడది కూరగాయలోడికి దణ్ణాలెట్టుకుని తిరుగుద్దా? మా కోటర్ల లైన్లో ఎవులైనా వింటే ఏటనుకుంతారండి, అప్పలసామి పెళ్ళాం బిడ్డల్ని నోరెత్తనివ్వడంతారు. అలాటిదేటీ మా ఇంట్లో లేదండి.” కూతురివైపు తిరిగాడు. “ఏటే, నీకు రాయడానికి ఇంకేటీ దొరకలేదా? అందరు పిల్లలూ రాసినట్టు ఎడ్లూ, పొలమూ రాత్తే నీ సేతులిరిగిపోతాయా? పరువుగుండును గదే!”

నూకరత్నం వాళ్ళ అయ్య కాళ్ళవైపు చూస్తూ నించుంది.

హెడ్మాస్టరు నమ్మకపోవడం సరే, ఆయన ఆ ఇంట్లో లేడు. ఆ ఇంట్లోనే నిద్రపోయే మనిషి, ఎవరికోసమైతే ఆ పసిపిల్ల పెదాలతో ఎక్కాలు చదువుతోందో ఆ మనిషి, అది అబద్ధమంటున్నాడు! ఆయన సిగ్గు నాకు తరవాత అర్థమైంది. సొంతూళ్ళో ఆయనకి సెంటు భూమి లేదు. ఆ కృషీవలుడు ఆయనకీ ముద్దే. కానీ ఆ పూట నాకు కోపం తప్ప ఇంకేం తోచలేదు.

హెడ్మాస్టరుగారు నావైపు చూశారు. “విన్నారుగా” అన్నారు. గెలిచానన్న గర్వం ఏం లేదు ఆ గొంతులో. నీరసంగానే అన్నారు.

“అయితే మళ్ళీ రాయించండి. ఇక్కడే, మీ ముందే, అదే విషయం. అప్పుడు తెలుస్తుంది రాయగలదో లేదో” అన్నాను. పంతం నాది. ఆయన సరేనన్నారు.

నూకరత్నాన్ని ఆయన బల్ల ముందే కూర్చోబెట్టారు. కొత్త కాగితం, సిరాబుడ్డి. నేను దాని చెవిలో “భయపడకు తల్లీ, నీకు తెలిసిందే రాయి” అన్నాను. అది తలూపింది. ఒక్కసారి వాళ్ళ అయ్యవైపు, ఒక్కసారి హెడ్మాస్టరుగారివైపు చూసి, రాయడం మొదలుపెట్టింది. ఆగలేదు, కొట్టేయలేదు. ఎంత ధైర్యంగా రాస్తోందో అని నేను మురిసిపోతున్నాను.

హెడ్మాస్టరుగారు కాగితం అందుకుని పైకి చదివారు.

‘మా తండ్రిగారు కృషీవలురు. వారు వేకువనే మేల్కాంచి, రాముడు, భీముడు అను కోడెల జతను తోలుకొని పొలమునకు ఏగుదురు...’

నేను చెవులు మూసుకోవడం ఒక్కటే తక్కువ. చివరి దాకా అక్షరం పొల్లుపోలేదు. చదువుతుంటే ఆయన మొహం వెలిగిపోయింది. “చూశావా అమ్మా, ఇంత చక్కగా రాయగలదానివి, ఎందుకు చెప్పు ఆ పక్కదారులు? పో, పరీక్షకి కట్టు” అన్నారు. అప్పలస్వామి అప్పుడు కుర్చీలో కూర్చున్నాడు. కృషీవలురు అన్న మాట ఆయనకి అర్థమయిందో లేదో గానీ, వెన్ను నిటారుగా పెట్టి, మీసం మీద చెయ్యి వేసుకున్నాడు.

బయట కుళాయి దగ్గర దాన్ని పట్టుకున్నాను. చెయ్యి పట్టుకుని ఊపేశాను. “ఎందుకే అలా రాశావు? నీది నువ్వు రాసి చూపిస్తావనుకున్నానే!”

“ఆలకి కావాల్సింది ఆలకి రాసిచ్చినాను టీచర్గారూ. నేను పరీక్షకి పోవాల గదా.”

“మరి నిజం?”

“నిజాన్ని మా అయ్యే కాదన్నాడు గదండి. నాకోసం ఇంకెవులు ఔనంతారు?” అని నీళ్ళు తాగి, పైటతో మూతి తుడుచుకుని వెళ్ళిపోయింది. దాని కళ్ళల్లో ఒక్క చుక్క లేదు. నేనే కుళాయి పక్కన నించుని ఏడ్చాను.

ఒక మాట మీకు

నూకరత్నం ప్యాసయింది, ట్రైనింగుకీ వెళ్ళింది. బట్టీ పట్టినందుకే ప్యాసయింది, నేను చెప్పినట్టు రాసినందుకు కాదు. ఇది దాచిపెట్టి మీకు నీతులు చెప్తే నాకే సిగ్గు. సొంతంగా రాయండి అని పిల్లలకి చెప్పడం తేలిక. అలా రాసిన పిల్లని రేపు పరీక్షలో ఎవరు దిద్దుతారో, ఇంట్లో ఎవరు తిడతారో కూడా మీరే చూసుకోవాలి. దానికి ఓపిక లేనివాళ్ళు ఈ పనిలోకి రాకండి.

సిద్ధగోరాలో

అరవైల చివర్లో నూకరత్నం జంషెడ్‌పూర్‌లోనే సిద్ధగోరా పేటలో ఒక చిన్న బడిలో టీచరుగా చేరింది. ఒకరోజు మా ఇంటికొచ్చి, “ఇనస్పెక్టరుగారు వత్తన్నారంట టీచర్గారూ. ఓసారి వచ్చి మా పిల్లల రాత సూడండి, ఎలాగుందో సెప్పండి” అంది. ఎంత సంబరపడ్డానో! చీర మార్చుకుని, రిక్షా కట్టించుకుని వెళ్ళాను.

చల్లటి గది. చిన్నపిల్లలు నేల మీద వరసగా కూర్చుని, తలలు వంచి, ఒకటే రాత. చప్పుడే లేదు. నేను బోర్డువైపు చూశాను. ముత్యాల్లాంటి అక్షరాలు.

‘మా నాన్నకి నైట్ డ్యూటీ వారం వస్తే పగలు మా ఇంట్లో ఎవరూ మాట్లాడరు. అమ్మ చేతులతో చెప్తుంది. ఉప్పు కావాలంటే...’

అబ్బా, ఒళ్ళు పులకరించింది. ఆ రోజు దొంగసొత్తు అన్న మాటలు ఈ రోజు బోర్డెక్కాయి! నూకరత్నం నావైపు చూసి సిగ్గుగా నవ్వింది. ఆ నవ్వు చూస్తూ చూస్తూ ఉండగానే నాకు తట్టింది. పిల్లలు ఏం రాస్తున్నారు? తొంగిచూశాను. ఒకడి పలక మీద ఉప్పు. పక్కవాడి పుస్తకంలో ఉప్పు. ఆ వరసంతా ఉప్పే.

“ఇదేమిటే నూకరత్నం?” అన్నాను.

“ఎడ్ల కంటే ఇది నయం గదా టీచర్గారూ. మన కార్ఖానా సంగతే గదండి. బట్టీ పట్టేత్తే పరీక్షలో భయం ఉండదు. నన్ను గట్టెక్కించింది ఏటి, బట్టీయే గదా.”

ముందు వరసలో ఒక చిన్నపిల్ల అందరికంటే కుదురుగా రాస్తోంది. దాని పక్కన చతికిలబడి చూశాను. ‘అయ్య లేచి, ఏరీ పిల్లలు అని పిలిస్తే, అప్పుడు మేమంతా ఒక్కసారి అరుస్తాం.’ బోర్డు మీద ‘నాన్న’ అని ఉంటే ఇది ‘అయ్య’ అని మార్చుకుంది.

ఏదో ఒకటి పలకరించాలని, “ఎంత బాగా రాశావే! మీ అయ్య ఏ షిఫ్టు?” అన్నాను.

అది తలెత్తి, చాలా మామూలుగా చెప్పింది. “మా అయ్య లేడండి. పోయిన వానల్లో డ్యూటీకి పోతంటే సైకిల్ మీదకి లారీ వచ్చీసింది. సచ్చిపోనాడండి.”

చెప్పి, మళ్ళీ తలొంచి, ‘అరుస్తాం’ పక్కన చుక్క పెట్టింది.

నేను నూకరత్నంవైపు చూడలేకపోయాను. సుద్దముక్క కింద పడిన చప్పుడు వినిపించింది. తరవాత నూకరత్నం గుడ్డ తీసుకుని బోర్డు మొత్తం తుడిచేసింది. మెల్లగా కాదు, గోడ ఊగేలా తుడిచింది. పిల్లలు బిత్తరపోయి చూస్తున్నారు. ఆ సుద్దపొడి చేతులతోనే వచ్చి ఆ పిల్ల ముందు కూలబడింది.

“అమ్మా, మీ అయ్య ఉన్నప్పుడు ఇంట్లో ఏటి సేసీవోడు? నాకు సెప్పు. అదే రాద్దువు గాని.”

ఆ పిల్ల ఖాళీ బోర్డువైపు చూసింది. నావైపు చూసింది. తరవాత వాళ్ళ టీచరుగారిని భయంభయంగా అడిగింది.

“అది పరీక్షలో వత్తాదా అండి?”